తడబడు అడుగునకు సాధనయే ఊతము

బిడ్డ పుట్టిన యేడాదికి అటునిటుగా తొలి అడుగు వేయును. ఆ అడుగు వేయించుటకు ఇల్లంతయు ఏకమగును. తల్లి చేయి పట్టును. తాత వడ్రంగిచేత మూడు చక్రముల నడకబండి చేయించును. పడినప్పుడెల్ల ఇరుగుపొరుగువారు నవ్వుచు లేవనెత్తుదురు. పడుచు లేచుచు బిడ్డ నడక నేర్చును. అదే మనుష్యుడు డెబ్బది యేండ్ల వయస్సున ఒకసారి కాలు తడబడి పడినచో ఇంటివారు పలుకు మాట వేరు. "ఇక తిరిగినది చాలు, ఒకచోట కూర్చుండుము" అందురు. ప్రేమతో పలికిన మాటయే యైనను ఇది మేలు చేయు మాట కాదు. కూర్చున్న కాలు బలము కోల్పోవును. బలము పోయిన కాలు మరల పడవేయును. పసివానికి వలెనే ముసలివానికిని సాధనచేత నడక మెరుగగునని నేటి వైద్యశాస్త్రము రూఢిగా చెప్పుచున్నది. ఆ సాధన యెట్టిది, గ్రామమున దానిని ఎట్లు నడపవచ్చును, అందు పంచాయతీ చేయదగిన దేమి అను విషయములు ఈ వ్యాసమున వివరింపబడుచున్నవి.

మన ప్రాంతమునకు ఇది యేల ముఖ్యము?

కోటగిరి, బోధన్ ప్రాంతము కష్టజీవుల సీమ. 1923 మొదలు 1931 వరకు మంజీరపై నిజాంసాగర్ నిర్మింపబడి కాలువల నీరు పారుటతో ఇచ్చటి నేల వరికిని చెరకునకును ఆటపట్టైనది. 1937లో బోధన్ చెంత శక్కర్‌నగర్‌లో నిజాం చక్కెర ఫ్యాక్టరీ వెలసినది. 2015 డిసెంబరులో అది మూతపడినది. అది నడచిన కాలమున చెరకు నరికి, మోపులు మోసి, బండ్లకెత్తిన వారిలో అనేకులు నేడు అరువది, డెబ్బది యేండ్లు దాటినవారు. నాట్లలో నడుము వంచి యౌవనము గడిపిన స్త్రీలు నేడు అవ్వలు.

ఇక బీడీ పనివారి సంగతి. నిజామాబాదు జిల్లా బీడీ పరిశ్రమకు పేరొందినది. ఒడిలో చాట పెట్టుకొని, తునికాకు కత్తిరించుచు, తంబాకు నించుచు, ఉదయము మొదలు సాయంకాలము వరకు కదలక కూర్చుండు స్త్రీలు మన గ్రామములందు ఎందరో కలరు. ముప్పది, నలుబది యేండ్లు ఈ విధముగా గడచిన పిమ్మట చేతివ్రేళ్ళకు వేగము మిగిలినను తొడలకు బలము మిగులదు. నేల మీదినుండి లేచుటకు గోడ పట్టుకొనవలసి వచ్చుటయే దీనికి తొలి గురుతు.

మరియొక విశేషము గమనింపదగినది. జీవనోపాధికై గల్ఫు దేశములకు వెళ్ళినవారు ఈ జిల్లా గ్రామములందు మిక్కిలిగా ఉన్నారు. కొడుకు ఎడారిదేశమున ఉండగా ఇంట ముసలి దంపతులే ఉందురు. కొన్ని యిండ్లలో ఒక్క అవ్వయే ఉండును. అట్టి యింట అవ్వ పడి తుంటి యెముక విరిగినచో నీరు తెచ్చువారుండరు, వండువారుండరు, రేషను తెచ్చువారుండరు. కొడుకు అప్పు చేసి విమానమెక్కి రావలెను. లేదా కోడలు కూలి మానవలెను. ఒక్క అడుగు తప్పుటచే ఒక సంసారము తలక్రిందులగును. కావున ఇది ఒక ముసలి మనిషి కష్టము మాత్రమే కాదు, ఊరి కష్టము.

ప్రపంచ ఆరోగ్య సంస్థ అంచనా ప్రకారము లోకమున ఏటేట సుమారు 6,84,000 మంది క్రిందపడుటచే మరణించుచున్నారు. వీరిలో నూటికి ఎనుబదిమందికి పైగా అల్పాదాయ, మధ్యాదాయ దేశములవారే. మృతులలో అరువది యేండ్లు దాటినవారి సంఖ్యయే హెచ్చు. క్రిందపడుట చిన్న విషయమని త్రోసిపుచ్చుటకు వీలులేదు.

నిలుకడ యెట్లు కలుగును?

మనుష్యుడు తూలక నిలుచుటకు మువ్వురు కావలివాండ్రు ఎల్లవేళల పనిచేయుచుందురు. మొదటిది కన్ను. నేల యెత్తుపల్లములను, గోడ నిలువును అది చూపును. రెండవది లోపలి చెవి. తల యెటు వంగినది, ఎటు తిరిగినది అను సంగతిని అందలి సన్నని గొట్టములలోని ద్రవము తెలుపును. మూడవది అరికాలు, చీలమండ, మోకాలు మున్నగు కీళ్ళ స్పర్శ. నేల మెత్తనా, గట్టియా, వాలుగా ఉన్నదా అని అవి చెప్పును. ఈ మూడు వార్తలను మెదడు క్షణకాలములో కూర్చి, ఏ కండరము బిగియవలెనో ఏది సడలవలెనో ఆజ్ఞ యిచ్చును. ఆజ్ఞ సకాలమున వచ్చినను కండలో బలము లేనిచో దేహము నిలువదు.

మువ్వురిలో ఒకడు అలసినచో తక్కిన యిరువురు ఆదుకొందురు. ఇరువురు ఒకేసారి తప్పుకొన్నచో మనిషి పడును. స్నానముచేయు వృద్ధుడు ముఖమునకు సబ్బు రాచి కన్నులు మూసికొన్న క్షణముననే తూలుట కనుచుందుము. కన్ను మూయబడినది, తడినేలపై అరికాలికి పట్టు చిక్కలేదు. చక్కెర వ్యాధి చిరకాలముగ ఉన్నవారికి అరికాలి స్పర్శ మొద్దుబారును. అట్టివారు పగలు బాగుగనే నడచినను చీకటిలో దొడ్డికి పోవునప్పుడు పడుదురు. కంటిలో పొర వచ్చినవారికి గడప కనబడదు.

నడక యనగా రెండు కాళ్ళపై సాగు పని యని తోచును. నిజమునకు అది ఒంటికాలిపై నిలుచుటయే. ఒక కాలు ముందునకు సాగుచున్నంతసేపు దేహభారమంతయు రెండవ కాలిమీదనే ఉండును. తుంటి ప్రక్కనున్న కండరము ఆ భారమును మోయలేనప్పుడు నడుము ఒకవైపు ఒరగును, అడుగులు కురుచనగును, పాదము నేలను ఈడ్చుకొని పోవును. ఇట్టి నడకకు గడప తగిలినంతనే పాటు తప్పదు.

కూర్చుండబెట్టుట మేలు కాదు

2007లో అమెరికాలో వెలువడిన యొక పరిశోధన ఈ విషయమును చక్కగా తెలుపుచున్నది. సగటున అరువదియేడేండ్ల వయస్సుగల ఆరోగ్యవంతులు పదునొకండుగురు పది దినములు పడకపైననే ఉండిరి. ఆ పది దినములలో వారి కాళ్ళ కండ సగటున ఒక కిలోకు దగ్గరగా తరిగినది. రోగము లేనివారికే ఇట్లగుచుండగా, పడిన వృద్ధుని నెలల తరబడి మంచమునకు అంటగట్టినచో ఏమగునో ఊహింపవచ్చును.

దీనికి మారుగా, 1990లో తొంబదేండ్ల వయస్సువారగు పదిమంది దుర్బలులచేత ఎనిమిది వారములు తొడల బలమునకు అభ్యాసము చేయించిరి. పూర్తి చేసిన తొమ్మండుగురి కాలిబలము సగటున రెండు రెట్లను మించి పెరిగినది. న్యూజిలాండులోని ఒటాగో విశ్వవిద్యాలయమువారు ఇంటివద్దనే చేయదగిన అభ్యాసములను కూర్చి, ఎనుబదేండ్లు దాటిన స్త్రీలచే చేయించి, పడుట తగ్గినదని 1997లో ప్రకటించిరి. పిమ్మట ఇరువదియైదు దేశములలో జరిగిన 108 ప్రయోగములను ఒకచోట చేర్చి 2019లో పరిశీలింపగా, వ్యాయామము చేయువారు పడుట నూటికి ఇరువదిమూడు వంతులు తగ్గినట్లు తేలినది. నిలుకడను పెంచు అభ్యాసములును, లేచుట, కూర్చుండుట, అడుగువేయుట వంటి నిత్యకృత్యముల అభ్యాసములును దీనికి ముఖ్యములని ఆ పరిశీలన తెల్పినది.

ఇచ్చట ఒక మాట గుర్తుంచుకొనవలెను. పొద్దున కొంత దూరము నడచివచ్చుట గుండెకును మనస్సునకును మంచిది. కాని పడకుండుటకు నడక యొకటే చాలదు. కాలిబలమునకు, నిలుకడకు ప్రత్యేకముగ అభ్యాసము కావలెను. అరువదియైదేండ్లు దాటినవారు ఇట్టి అభ్యాసములను వారమునకు మూడు దినములకు తగ్గక చేయవలెనని ప్రపంచ ఆరోగ్య సంస్థ 2020లో సూచించినది.

ముందుగా పరీక్షించుడు

అభ్యాసము మొదలిడుటకు ముందు ఎవరికి ఎంత నిలుకడ కలదో తెలిసికొనుట మంచిది. దీనికి గడియారము, కుర్చీ, కొలటేపు చాలును. పరీక్షించునప్పుడు పడకుండ పట్టుకొనుటకు ఒకరు ప్రక్కనే నిలువవలెను.

మొదటి పరీక్ష: కుర్చీనుండి మూడు మీటర్ల దూరమున గీత గీయవలెను. వృద్ధుడు లేచి, తన మామూలు నడకతో గీతవరకు పోయి, తిరిగి వచ్చి కూర్చుండవలెను. దీనికి 12 సెకనులు గాని అంతకు మించి గాని పట్టినచో పడు భయము కలదని తెలియవలెను.

రెండవ పరీక్ష: చేతులు రొమ్మున కట్టుకొని 30 సెకనులలో ఎన్నిమార్లు కుర్చీనుండి పూర్తిగా లేచి కూర్చుండగలరో లెక్కించవలెను. డెబ్బదియేండ్ల వయస్సున పురుషులు 12 మార్లు, స్త్రీలు 10 మార్లు లేవలేకున్నచో కాలిబలము తక్కువయని అర్థము.

మూడవ పరీక్ష: ఒక పాదము మడమకు రెండవ పాదము వ్రేళ్ళు తగులునట్లు ముందువెనుకలుగా నిలిపి 10 సెకనులు నిలువవలెను. నిలువలేనివారికి నిలుకడ అభ్యాసము తప్పక కావలెను.

రొమ్మునొప్పి, తరచు తలతిరుగుడు, గుండెజబ్బు ఉన్నవారును, పక్షవాతము వచ్చినవారును, ఎముక విరిగినవారును, క్రొత్తగా శస్త్రచికిత్స జరిగినవారును వైద్యుని అడుగక అభ్యాసము మొదలిడరాదు. నిన్నటివరకు బాగుగ నడచిన మనిషి హఠాత్తుగ తూలుట, మూతి వంకరపోవుట, ఒక చేయి పడిపోవుట, మాట తడబడుట సంభవించినచో అది పక్షవాతము కావచ్చును. అప్పుడు వ్యాయామము కాదు, 108 వాహనము కావలెను. గడ్డకట్టిన రక్తమును కరిగించు మందును నాలుగున్నర గంటలలోపల ఈయవలసియుండును గనుక నాటుమందులతో కాలయాపన చేయరాదు.

ఎనిమిది అభ్యాసములు

ఇవి ఖర్చులేనివి. గోడ కానించిన గట్టి కుర్చీ, నడుమెత్తు కమ్మి లేక కిటికీ ఊచ ఉన్న చాలును. ప్లాస్టిక్ కుర్చీ జారును గనుక గోడ కానింపకుండ వాడరాదు. ఒక్కొక్క అభ్యాసమును మొదట ఐదు మార్లు చేసి, క్రమముగ పదికి పెంచవలెను.

1. లేచి కూర్చుండుట: కుర్చీపై గాని మోకాలియెత్తు అరుగుపై గాని కూర్చుండి, చేతులూనక తొడల బలముతో లేవవలెను. చేతకానివారు మొదట చేతులూనవచ్చును. తిరిగి కూర్చుండునప్పుడు కూలబడరాదు. మెల్లగా దిగుటయందే తొడకు నిజమైన పని కలదు. ఎనిమిదింటిలో ఒక్కటే చేయగలవారు దీనినే చేయవలెను.

2. మడమలెత్తుట: కమ్మి పట్టుకొని రెండు మడమలను ఎత్తి, మునివ్రేళ్ళపై నిలిచి, మెల్లగా దింపవలెను. పిక్కలు గట్టిపడును, అడుగు ముందునకు త్రోయుబలము కలుగును.

3. ముంగాళ్ళెత్తుట: మడమలపై నిలిచి పాదముల ముందుభాగమును ఎత్తవలెను. గడపకు, రాతికి కాలివ్రేళ్ళు తగిలి పడువారికి ఇది ముఖ్యము.

4. కాలు ప్రక్కకు చాచుట: కమ్మి పట్టుకొని, నడుము నిటారుగ నిలిపి, ఒక కాలిని ప్రక్కకు ఎత్తి దింపవలెను. నడకలో నడుము ఒరగకుండ కాపాడు తుంటి కండరమునకు ఇది బలము.

5. మోకాలు చాచుట: కుర్చీలో కూర్చుండి ఒక కాలిని నేలకు సమముగ చాచి, ఐదు లెక్కించి దింపవలెను. కొన్ని వారముల పిమ్మట అరకిలో ఇసుక పోసిన గుడ్డసంచిని చీలమండకు కట్టి చేయవచ్చును. మోకాలి అరుగుదలచే నొప్పిపడువారికిని ఇది మేలు చేయును. తొడకండ బలిసినకొలది మోకాలిపై భారము తగ్గును.

6. పాదము వెంట పాదము: పరీక్షలో చెప్పినట్లు నిలిచి 10 సెకనులు ఉండవలెను. ఇది అలవడిన పిమ్మట ఒక గీతపై మడమకు వ్రేళ్ళు తగిలించుచు పదియడుగులు నడువవలెను. పొలముగట్టుపై నడచిన పాదములకు ఇది క్రొత్త విద్య కాదు, మరచిన విద్య.

7. ఒంటికాలిపై నిలుచుట: కమ్మి పట్టుకొని ఒక పాదమును నేలనుండి నాలుగు వ్రేళ్ళ యెత్తున లేపి 10 సెకనులు నిలువవలెను. మొదట రెండు చేతులు, పిమ్మట ఒక చేయి, పిమ్మట రెండు వ్రేళ్ళు మాత్రము ఆనించవలెను. ఒంటరిగా ఉన్నప్పుడు చేయి పూర్తిగా విడువరాదు.

8. ప్రక్కనడక, తిరుగుడు నడక: కమ్మివెంట పదియడుగులు కుడికి, పదియడుగులు ఎడమకు ప్రక్కలుగా నడువవలెను. తరువాత రెండు రాళ్ళు పెట్టి వాని చుట్టు 8 అంకె ఆకారమున నడువవలెను. మలుపు తిరుగునప్పుడును వృద్ధులు పడుట కలదు గనుక తిరుగుడు నేర్వవలెను.

లెక్కను పైకి చెప్పుచు చేసినచో ఊపిరి బిగబట్టు దోషముండదు. కండ కొంచెము అలసిన మంచిదే. కీలునందు పోటు వచ్చినచో ఆపవలెను. కడుపు నిండ తిన్న వెంటనే గాని, ఏమియు తినక గాని చేయరాదు. వదులు చెప్పులతో చేయరాదు. అభ్యాసమంతయు అరగంటలో ముగియును. ఫలితము కనబడుటకు కొన్ని వారములు పట్టును. మానినచో వచ్చిన బలము మరల పోవును. కండ పెరుగుటకు ఆహారము తోడు కావలెను. పప్పు, గ్రుడ్డు, పాలు, పెరుగు ముసలివారి విస్తరిలోను ఉండవలెను. ఇంట ఉన్న గ్రుడ్డు పిల్లలకని దాచి తాను తినని అవ్వకు ఈ మాట ప్రత్యేకముగ చెప్పవలెను.

బీడీలు చుట్టు స్త్రీలు వార్ధక్యము వచ్చువరకు ఆగనక్కరలేదు. నాలుగైదు కట్టలు చుట్టినప్పుడెల్ల చాట ప్రక్కన పెట్టి లేచి, పదిమార్లు మడమలెత్తి, వాకిటివరకు పోయివచ్చినచో రేపటి కాలికి నేడే రక్షణ యగును.

చేతికఱ్ఱ పట్టుటయు ఒక విద్యయే

కఱ్ఱ పట్టుట సిగ్గుపడవలసిన పని కాదు. కాని చేతికందిన కఱ్ఱనెల్ల పట్టరాదు. చేతులు వ్రేలాడవేసి నిలిచినప్పుడు కఱ్ఱపిడి మణికట్టు ముడుతవరకు రావలెను. కఱ్ఱకొనకు రబ్బరు తొడుగు ఉండవలెను; అరిగినచో మార్చవలెను. కుడికాలు నొప్పిగా ఉన్నచో కఱ్ఱను ఎడమచేత పట్టవలెను. అనేకులు నొప్పి యున్న వైపుననే పట్టుదురు, అది పొరపాటు. మెట్లెక్కునప్పుడు మంచికాలు ముందు, దిగునప్పుడు నొప్పికాలు ముందు ఉంచవలెను.

పడినవారిని వెంటనే రెక్కపట్టి లాగరాదు. తుంటివద్ద తీవ్రమైన నొప్పి ఉండి, ఆ కాలు పొట్టియైనట్లును, పాదము వెలుపలికి తిరిగినట్లును కన్పించినచో ఎముక విరిగినదని అనుమానింపవలెను. మర్దనము చేయింపక, నాటుకట్టు కట్టింపక, కదల్చక 108కు కబురు పంపవలెను. దెబ్బ లేనివారు మొదట ప్రక్కకు ఒత్తిగిలి, మోకాళ్ళు చేతులపై వంగి, మంచము చెంతకు ప్రాకి, దానిపై చేతులూని, ఒక పాదము నేలపై మోపి లేవవలెను. ఇది కూడ నేర్పదగిన విద్యయే.

ఇంటిలోను వీథిలోను

నులక కుంగిన మంచమునుండి లేచుట కష్టము, నులకను బిగింపవలెను. రాత్రి లేచునప్పుడు మంచముపై కొంతసేపు కూర్చుండి, పాదములను పైకిని క్రిందికిని ఆడించి, పిమ్మట నిలువవలెను. రక్తపోటు ఒక్కసారిగా తగ్గి తలతిరుగుట దీనిచే తప్పును. స్నానపు గదిలోను మరుగుదొడ్డిలోను గోడకు గట్టి ఇనుపకమ్మి బిగించుట కొద్ది ఖర్చుతో అగు పని. గడపకు తెల్లరంగు పూసినచో మసకకంటికిని కనబడును. నిద్రమందులు, రక్తపోటు మందులు మోతాదు మించినను తూలుడు కలుగును. వైద్యునికి చూపి సరిచేయించుకొనవలెను. మత్తుమందు కలిపిన కల్తీకల్లు నడకకు పరమశత్రువు. దానికి చిరకాలముగ అలవాటుపడినవారు ఒక్కసారిగా మానినచో మూర్ఛలు రావచ్చును గనుక వైద్యుని సహాయముతో మానుట క్షేమము.

పంచాయతీ చేయదగిన పనులు

1993 ఏప్రిల్ 24న అమలులోనికి వచ్చిన 73వ రాజ్యాంగ సవరణచే చేర్చబడిన పదునొకండవ షెడ్యూలులో ఆరోగ్యము, వికలాంగుల సంక్షేమముతో కూడిన సాంఘిక సంక్షేమము పంచాయతీలకు అప్పగింపదగిన విషయములుగా చేర్పబడినవి. వీథిదీపములు, మురుగుకాలువలు పంచాయతీ నిత్యకృత్యములే. ఈ పనులను వృద్ధుని కాలితో కొలిచి చూడవలెను. మూడు అంగలకొక పలక విరిగిన మురుగుకాలువను పడుచువాడు దాటును, అవ్వ దాటలేదు. ఆరిన వీథిదీపము పడుచువానికి చీకటి మాత్రమే. చూపు మందగించినవానికి అది విరిగిన ఎముక.

తెలంగాణ గ్రామములలో 2020 నుండి పల్లె ప్రకృతి వనములు ఏర్పడినవి. అందు నడకదారులు కలవు. అట్టి చోట ఇరువది అడుగుల పొడవున, నడుమెత్తున ఒక ఇనుపగొట్టపు కమ్మిని గట్టిగా నాటించి, ప్రక్కన రెండు సిమెంటు బల్లలు వేయించినచో అదియే వృద్ధుల వ్యాయామశాల యగును. ఊరి వెల్డింగు దుకాణమున ఒక దినములో అగు పని ఇది. వారమునకు మూడు ఉదయములు నిర్ణయించి, ఆశా కార్యకర్తయో, మహిళాసంఘ సభ్యురాలో ముందు నిలిచి పైన చెప్పిన ఎనిమిదింటిని చేయించవచ్చును. ఒంటరిగ ఇంట చేయుమన్నచో నాలుగు దినములలో మానుదురు. పదిమందితో కూడినచో మాటలతోపాటు అభ్యాసమును సాగును. రానివారి యింటికి ఒకరు పోయి విచారించుటయు జరుగును. ఒంటరి వృద్ధులున్న యిండ్ల పట్టిక ఒకటి పంచాయతీ కార్యాలయమున ఉండుట అవసరము.

పంచాయతీ కార్యాలయము, రేషను దుకాణము, ఆరోగ్య ఉపకేంద్రము, బస్సు ఆగుచోటు ఈ నాలుగింటి మెట్లను సభ్యులు స్వయముగ చూడవలెను. మెట్ల ప్రక్క పట్టుకమ్మి లేనిచో వేయించవలెను; వీలున్నచోట వాలుదారి కట్టించవలెను.

వైద్యసహాయము

వృద్ధుల ఆరోగ్యసంరక్షణకు జాతీయ కార్యక్రమము 2010లో ప్రారంభింపబడినది. ఫిజియోథెరపీ అందు భాగము. పక్షవాతము పిమ్మటను, ఎముక అతికిన పిమ్మటను, కంపవాతము నందును అభ్యాసములు రోగిని బట్టి మారును గనుక అట్టివారిని ఫిజియోథెరపిస్టు వద్దకే పంపవలెను. ప్రాథమిక ఆరోగ్య కేంద్రపు వైద్యుని సలహాతో బోధన్ ప్రభుత్వాసుపత్రికి గాని, 2013లో ప్రారంభమైన ప్రభుత్వ వైద్యకళాశాలకు అనుబంధమైన నిజామాబాదు ఆసుపత్రికి గాని పంపవచ్చును. చూపు మందగించినవారికి కంటిపరీక్ష చేయించుటయు పడకుండ కాపాడుటలో భాగమే.

నిరుపేద వృద్ధులకు చేతికఱ్ఱలు, నడకచట్రములు, చక్రాల కుర్చీలు ఉచితముగ ఇచ్చుటకు రాష్ట్రీయ వయోశ్రీ యోజన 2017 ఏప్రిల్ 1న తెలుగునేలనే, నెల్లూరు జిల్లాలో ప్రారంభింపబడినది. వృద్ధుల సహాయమునకు 14567 అను టెలిఫోను సంఖ్య కలదు. ఈ రెండింటిని గ్రామసభలో ప్రకటించుట, అర్హులచే దరఖాస్తు చేయించుట సభ్యుల పని.

పంచాయతీ సభ్యులారా! మీ ఊరి కాలువగట్లను వేసినవారు, చెరకుతోటలను పెంచినవారు, బీడీల కూలితో పిల్లలను చదివించినవారు నేడు అడుగు తడబడు వయస్సున ఉన్నారు. వారిని ఒకచోట కూర్చుండబెట్టి అన్నము పెట్టుట మాత్రమే సేవ కాదు. తమ పెరటికి తాము పోగలుగుట, తమ నీరు తాము ముంచుకొనగలుగుట, సంతకు పోయి పదిమందితో మాటాడి రాగలుగుట వారి గౌరవము. ఆ గౌరవమును నిలుపుటకు పెద్ద నిధులు అక్కరలేదు. నడుమెత్తు కమ్మి యొకటి, వెలుగు దీపములు కొన్ని, వారమునకు మూడు ఉదయములు చాలును. రాబోవు గ్రామసభలో ఈ విషయమును చర్చకు పెట్టి, మొదటి దినమున మీ యింటి పెద్దలను చేయి పట్టి తీసికొనిరండు. తక్కిన ఊరు వారి వెంట వచ్చును.